బొమ్మొకడిది, సోకొకడిది

తెరమీద బొమ్మ కదలాలంటే ఎవరో కూర్చుని బొమ్మలు గీయాలన్న అపోహ పాపం ఇంకా కొందరిలో ఉంది. ఇందుకు విన్సర్ మెకేనే నిందించాలి. పేపర్లో తాను వేసే నీమో అనే కుర్రాడి బొమ్మల కథను 1911లో సినిమాగా తీస్తూ దాదాపు 4,000 బొమ్మలు తనే గీశాడు. ఒకదానిమీద ఒకటి సరిగ్గా కూర్చోవడానికి ప్రతి కాగితంమీదా గుర్తులు కూడా పెట్టాడు. ఇంత ఓపికున్నవాడు వ్యాపారానికేం పనికొస్తాడు?

దారి చూపిన మహానుభావుడు బడ్ ఫిషర్. పేపర్లో బొమ్మల కథగా వచ్చే మట్, జెఫ్ అనే పొడుగు, పొట్టి జంట ఆయనది. 1916 నుంచి వాళ్లను తెరమీద నడిపించింది రావుల్ బారే, చార్లెస్ బవర్స్‌ల స్టూడియో. పేరు మాత్రం ఫిషర్‌దే. బొమ్మ గీస్తే చెయ్యి నొప్పి పుడుతుంది, పేరుకా బాధ లేదు.

ఇక మిగిలినవి చిల్లర పనులు. కాగితాలకు చిల్లులు పొడిచి బల్లమీది పెగ్గులకు తగిలించాలి. చిల్లు వదులైతే మనిషి నిలబడ్డచోటే వణుకుతాడు, ప్రేక్షకులు మలేరియా అనుకుంటారు. ఇల్లూ చెట్టూ ప్రతిసారీ గీయక్కర్లేదు. పై కాగితాన్ని కింది బొమ్మ కనిపించాల్సినంత మేర చింపి, రెండూ కలిపి కెమెరా కింద పెడితే చాలు. తక్కువ చింపితే చెట్టు సగం మాయం, ఎక్కువ చింపితే జెఫ్ చెయ్యి గల్లంతు. చింపుడు గొడవ వద్దనుకుంటే కింది బొమ్మ కనిపించేలా పారదర్శకంగా ఉండే సెల్యులాయిడ్ రేకు ఉంది. కానీ దానిమీద 1914లో ఎర్ల్ హర్డ్ పేటెంటుకు అర్జీ పెట్టి, తర్వాత కార్టూన్ సినిమాల స్టూడియో నడిపే జాన్ బ్రేతో చేయి కలిపాడు. అప్పట్లో వాడుకోవాలంటే వాళ్లకు లైసెన్సు డబ్బు కట్టాల్సి వచ్చేది. చింపడమే చవక.

అన్నిటికన్నా ఘనమైన కనిపెట్టు మాటల బుడగ. పేపర్లో ఉన్నట్టే పాత్ర నెత్తిన బుడగ వేసి, చదివేదాకా బొమ్మను కదలనివ్వరు. సెకనుకు 16 ఫ్రేముల లెక్కన మూడు సెకన్లంటే 48 ఫ్రేములు, గీసింది ఒక్క బొమ్మ! మూకీ సినిమాలో వాగుడుకాయ పాత్రే నిర్మాతకు లాభం. మాట మరీ పొడుగైతే మాత్రం వెనక బెంచీవాడు చదవడం పూర్తికాకముందే బుడగ ఎగిరిపోతుంది.

పేపర్ల ఆసామి హర్‌స్ట్ పెట్టిన స్టూడియోలో 1916లో క్రేజీ క్యాట్ అనే పేపరు బొమ్మల పిల్లి కూడా ఇలాగే తెరకెక్కింది. పిల్లిని పుట్టించిన హెరిమన్ ఆ సినిమాల్లో చెయ్యి పెట్టలేదు. 1918లో స్టూడియో మూతపడింది, పిల్లి మాత్రం తర్వాత బ్రే గూటికి చేరింది.

కాగితాలు చింపినవాళ్ల పేర్లు కూడా తెరమీద వేయొచ్చు కదా అని ఎవరో ఒకరు అడుగుతారు. టైటిల్ కార్డులో చోటెక్కడుంది? ఫిషర్ పేరును రవ్వంత చిన్న అక్షరాల్లో వేస్తే అందరి పేర్లూ పడతాయి గానీ, అంత అపచారం ఎవరు తలపెడతారు?