థీటా ఎక్కడి నుంచి కొలిచారో చెప్పకుండా ఫార్ములా ఇవ్వకండి

గోళీయ నిరూపకాలు, మన క్లాసుల్లో అందరూ స్ఫెరికల్ కోఆర్డినేట్స్ అనేవి, కష్టమైన టాపిక్ కానే కాదు. ఒక బిందువు ఎక్కడుందో ఎక్స్, వై, జెడ్‌ల బదులు ఒక దూరం, రెండు కోణాలతో చెప్పడమే ఇది. చెప్పే పద్ధతే దాన్ని కష్టం చేస్తోంది. ఇంజినీరింగ్ మ్యాథ్స్‌లో మల్టిపుల్ ఇంటెగ్రల్స్ దగ్గర, ఈసీఈ వాళ్లకు ఎలక్ట్రోమాగ్నెటిక్స్ దగ్గర, బీఎస్సీ ఫిజిక్స్‌లో, ఎక్కడ చూసినా ఇదే తంతు. బోర్డు మీద ఒక టేబుల్, అటు మూడు ఫార్ములాలు, ఇటు మూడు ఫార్ములాలు, "ఇంపార్టెంట్, నేర్చుకోండి" అని ఒక మాట. బొమ్మ గీయరు. గీసినా ఏ కోణం ఏ అక్షం దగ్గర మొదలవుతుందో విడమరిచి చెప్పరు. పిల్లలు ఆరు ఫార్ములాలూ తప్పు లేకుండా రాస్తారు, బిందువు మాత్రం మూలబిందువుకి అవతలి వైపు పడుతుంది. ఇది పిల్లల తప్పు కాదు.

బట్టీ పట్టాల్సింది ఇక్కడ ఏమీ లేదు. మీరు కూర్చున్న గదిలోనే ఒక మూల చూడండి. నేల మీద గోడల వెంట పోయే రెండు అంచులు ఎక్స్, వై. పైనుంచి చూస్తే ఎక్స్ నుంచి వై వైపు తిరగడం గడియారం ముల్లుకి వ్యతిరేక దిశలో ఉండాలి. నిట్టనిలువుగా పైకి పోయే అంచు జెడ్. గది మధ్యలో వేలాడే బల్బు మన బిందువు. మూల నుంచి బల్బు దాకా బిగుతుగా దారం లాగితే దాని పొడవు ఆర్. నిలువు అంచు నుంచి ఆ దారం ఎంత వాలిందో అది థీటా. ఇప్పుడు బల్బుకి సరిగ్గా కింద, నేల మీద ఒక చుక్క పెట్టండి. మూల నుంచి ఆ చుక్కకి ఉన్న దూరం ఆర్ సైన్ థీటా, బల్బు ఎత్తు ఆర్ కాస్ థీటా. నేల మీది ఆ గీత ఎక్స్ అంచు నుంచి ఎంత తిరిగిందో అది ఫై. దాన్ని రెండు అంచుల మీదికి విడగొడితే

ఎక్స్ = ఆర్ సైన్ థీటా కాస్ ఫై
వై = ఆర్ సైన్ థీటా సైన్ ఫై
జెడ్ = ఆర్ కాస్ థీటా

రెండు లంబకోణ త్రిభుజాలు, అంతకుమించి ఏమీ లేదు. ఒకటి నిలబడి ఉంది, ఒకటి నేల మీద పడుకుని ఉంది. థీటా 0 నుంచి 180 డిగ్రీల దాకా, ఫై 0 నుంచి 360 దాకా.

అసలు గొడవ ఇక్కడి నుంచి మొదలవుతుంది. పైన రాసింది ఫిజిక్స్ వాళ్ల పద్ధతి, ఐఎస్ఓ 80000-2 ప్రమాణం చెప్పేదీ ఇదే. అమెరికన్ క్యాలిక్యులస్ పుస్తకాలు చాలావరకు దీన్ని తిరగేస్తాయి. అక్కడ ఫై జెడ్ నుంచి, థీటా నేల మీద, ఆర్ బదులు రో. ఒకే సెమిస్టర్‌లో మ్యాథ్స్ సార్ ఒక రకంగా, ఫిజిక్స్ మేడమ్ ఇంకో రకంగా చెబుతారు, ఆ తేడా ఉందని ఇద్దరూ చెప్పరు. సాఫ్ట్‌వేర్‌లోనూ అంతే. మ్యాట్‌ల్యాబ్‌లో కార్ట్2ఎస్‌పీహెచ్ ఇచ్చే రెండో కోణం జెడ్ నుంచి కొలిచింది కాదు, నేల నుంచి పైకి కొలిచిన ఎత్తు కోణం. దాన్ని తెచ్చి పై ఫార్ములాలో థీటా స్థానంలో పెడితే సైన్, కాస్ తారుమారవుతాయి. ప్రోగ్రామ్ ఏ ఎర్రరూ చూపించదు, జవాబు మాత్రం తప్పు. సర్వేయింగ్ వాళ్ల బేరింగ్ అయితే ఉత్తరం నుంచి మొదలై గడియారం దిశలో తిరుగుతుంది. తూర్పుని ఎక్స్‌గా తీసుకుంటే, ఫై కావాలంటే 90 లోంచి బేరింగ్ తీసేయాలి.

ఏ పద్ధతి గొప్పది అన్న వాదన నాకు అక్కర్లేదు. ఏది వాడినా ఫర్వాలేదు, కానీ మొదటి లైనులో రాయాలి.

వెనక్కి, అంటే ఎక్స్, వై, జెడ్ నుంచి ఆర్, థీటా, ఫైకి మార్చేటప్పుడు ఇంకో గుంట ఉంది, ఎక్కువమంది పడేది అందులోనే. టేబుల్‌లో "ఫై = టాన్ ఇన్వర్స్ వై బై ఎక్స్" అని రాసి వదిలేస్తారు. ఎక్స్ = −1, వై = −√3, జెడ్ = 2 తీసుకోండి. ఆర్ స్క్వేర్ 1 + 3 + 4 = 8 కాబట్టి ఆర్ 2√2. కాస్ థీటా 2 బై 2√2, అంటే థీటా 45 డిగ్రీలు. ఇప్పుడు వై బై ఎక్స్ √3, క్యాలిక్యులేటర్ 60 డిగ్రీలు అంటుంది. ఆ 60 పెట్టి తిరిగి లెక్కకడితే ఎక్స్ 1, వై √3 వస్తాయి, గుర్తులు రెండూ ఎగిరిపోయాయి! భాగించగానే రెండు మైనస్‌లూ కొట్టుకుపోయాయి కాబట్టి బిందువు మూడో పాదంలో (ఎక్స్, వై రెండూ రుణాత్మకమయ్యే భాగంలో) ఉందన్న సమాచారం క్యాలిక్యులేటర్‌కి చేరనేలేదు. సరైన ఫై 240 డిగ్రీలు. ఎక్స్ రుణాత్మకమైతే 180 కలపాలి. ఎక్స్ ధనాత్మకమై వై రుణాత్మకమైతే 360 కలపాలి. ఎక్స్ సున్నా అయితే అసలు భాగించకుండా వై గుర్తు చూసి 90 లేదా 270 రాయాలి.

కోడ్ రాసేవాళ్లకు ఈ తిప్పలు లేకుండా ఏటాన్2 ఉంది, వై, ఎక్స్ గుర్తులు రెండూ చూసి కోణం ఇచ్చే ఫంక్షన్. పైథాన్, సీ, మ్యాట్‌ల్యాబ్‌లలో ముందు వై, తర్వాత ఎక్స్ ఇవ్వాలి. ఎక్సెల్‌లో మాత్రం ముందు ఎక్స్, తర్వాత వై. షీట్‌లోంచి ఫార్ములా తీసి కోడ్‌లో పెట్టేటప్పుడు ఈ వరుస మార్చడం మర్చిపోతే ప్రతి కోణమూ 90 లోంచి తీసేసినట్టు వస్తుంది. జవాబు రేడియన్లలో వస్తుంది, డిగ్రీల్లోకి మారిస్తే మైనస్ 180 నుంచి ప్లస్ 180 వరకు ఉంటుంది, అంటే మన 240 అక్కడ −120 గా కనిపిస్తుంది, రెండూ ఒకటే. థీటాకి కూడా ఆర్క్‌కాస్ కంటే ఏటాన్2 మేలు. మొదట ఎక్స్ స్క్వేర్, వై స్క్వేర్‌ల మొత్తానికి వర్గమూలం, తర్వాత జెడ్ ఇవ్వండి. జెడ్ అక్షానికి బాగా దగ్గరగా ఉన్న బిందువులకు కాస్ విలువ 1కి అతుక్కుపోయి, ఆర్క్‌కాస్‌లో దశాంశాలు పోతాయి. సరిగ్గా జెడ్ అక్షం మీదే ఉంటే ఫైకి అర్థమే లేదు. ప్రోగ్రామ్ సున్నా ఇస్తుంది కదా అని దాన్ని నిజమైన దిశ అనుకోకండి.

అక్షాంశం, రేఖాంశం కూడా గోళీయ నిరూపకాలే. ఈ ఒక్క ఉదాహరణ ప్రతి క్లాసులోనూ చేయించాలి. హైదరాబాద్ దాదాపు 17.4 ఉత్తర అక్షాంశం, 78.5 తూర్పు రేఖాంశం. అక్షాంశం భూమధ్యరేఖ నుంచి కొలుస్తారు, థీటా ధ్రువం నుంచి. కాబట్టి థీటా 17.4 కాదు, 72.6. ఫై మాత్రం రేఖాంశమే, 78.5. భూమి వ్యాసార్ధం 6371 కిలోమీటర్లు అనుకుంటే ఎక్స్ సుమారు 1212, వై 5957, జెడ్ 1905 కిలోమీటర్లు. 17.4 నే థీటాగా పెట్టేస్తే? హైదరాబాద్ 72.6 ఉత్తర అక్షాంశానికి, ఆర్కిటిక్ వలయం దాటి పైకి వెళ్లిపోతుంది. విశాఖపట్నానికి (17.7, 83.2) కూడా అదే తప్పు చేసి దూరం లెక్కగడితే సుమారు 160 కిలోమీటర్లు వస్తుంది. గోళం మీద అసలు దూరం దాదాపు 500. ధ్రువం దగ్గర రేఖాంశాలు దగ్గరికి ముడుచుకుంటాయి కాబట్టి దూరం కుంచించుకుపోయింది. సైన్ థీటా అనే గుణకం చేసే పని ఏమిటో ఈ లెక్క చూపించినంత బాగా ఏ నిర్వచనమూ చూపించదు.

జీపీఎస్ అంకెలతో పని చేసేవాళ్లకు ఇది కూడా చాలదు. జీపీఎస్ వాడే భూమి నమూనా డబ్ల్యూజీఎస్84 లో భూమి గోళం కాదు. భూమధ్యరేఖ దగ్గర వ్యాసార్ధం 6378.137 కిలోమీటర్లు, ధ్రువం దగ్గర 6356.752. జీపీఎస్ ఇచ్చే అక్షాంశం భూకేంద్రం దగ్గరి కోణం కాదు, ఉపరితలానికి లంబంగా గీసిన గీత భూమధ్యరేఖా తలంతో చేసే కోణం. హైదరాబాద్ అక్షాంశం దగ్గర ఈ రెండింటికీ తేడా 0.11 డిగ్రీలు, నేల మీద సుమారు 12 కిలోమీటర్లు. అంత తేడా పనికిరాని చోట దీర్ఘవృత్తజ (ధ్రువాల దగ్గర నొక్కిన గోళం) ఫార్ములాలే వాడాలి.

ఇంటెగ్రల్స్ గురించి క్లుప్తంగా. ఘనపరిమాణ అంశం ఆర్ స్క్వేర్ సైన్ థీటా, దాని పక్కన డీఆర్ డీథీటా డీఫై. చిన్న పెట్టెకి మూడు అంచులు: డీఆర్, ఆర్ డీథీటా, ఆర్ సైన్ థీటా డీఫై. గుణిస్తే వచ్చేసింది, జాకోబియన్ డిటర్మినెంట్ తర్వాత చూపించినా నష్టం లేదు. ఇక్కడ తరచూ కనిపించే తప్పు థీటాని కూడా 0 నుంచి 360 దాకా తీసుకోవడం. 180 దాటాక సైన్ రుణాత్మకం అయ్యి గోళం ఘనపరిమాణం సున్నా అని తేలుతుంది.

చివరిది, అందరూ దాటేసేది, సదిశలు, అంటే వెక్టర్లు. బిందువుని మార్చడం వేరు, బిందువు దగ్గర ఉన్న సదిశని మార్చడం వేరు. ఎక్స్ దిశలో 3 పరిమాణం ఉన్న సదిశ (0, 2, 0) దగ్గర ఉంది. చాలామంది (3, 0, 0) ని బిందువులా మార్చేసి "ఆర్ 3, థీటా 90, ఫై 0" అని రాస్తారు. అది జవాబే కాదు. వై అక్షం మీద నిలబడి చూడండి. ఆర్ యూనిట్ వెక్టర్ (ఆర్ పెరిగే దిశని చూపే, పొడవు 1 ఉన్న సదిశ) వై వైపు చూస్తుంది, థీటాది కిందికి, ఫైది మైనస్ ఎక్స్ వైపు. కాబట్టి ఆర్, థీటా, ఫై దిశల్లో అంశాలు (కాంపొనెంట్లు) 0, 0, −3. అదే సదిశని (2, 0, 0) దగ్గర పెడితే అక్కడ ఆర్ దిశే ఎక్స్ దిశ, అంశాలు 3, 0, 0. సదిశ ఎక్కడా మారలేదు, యూనిట్ వెక్టర్లే చోటుని బట్టి తిరిగాయి. అందుకే వేర్వేరు చోట్ల ఉన్న రెండు సదిశల గోళీయ అంశాలను నేరుగా కూడకూడదు, తీసేయకూడదు. ముందు ఎక్స్, వై, జెడ్ లోకి తెచ్చుకోవాలి. ఆ మార్పిడి చేసే మాత్రికని (మ్యాట్రిక్స్‌ని) తలకిందులు చేయడానికి, అంటే ఇన్వర్స్ కనుక్కోవడానికి, శ్రమ పడక్కర్లేదు, అడ్డు వరుసలను నిలువు వరుసలు చేస్తే చాలు. మార్చాక పరిమాణం చూడండి, ముందు 3 ఉంటే తర్వాతా 3 ఉండాలి.

పేపర్ సెట్ చేసేవాళ్లకు ఒక విన్నపం. పది మార్కుల ప్రశ్నలో ఫార్ములా రాసినందుకు ఐదు మార్కులు ఇవ్వడం ఆపండి. పాదం చూసి కోణం దిద్దినందుకు రెండు మార్కులు, వచ్చిన జవాబుని తిరిగి మార్చి మొదటి అంకెలతో పోల్చినందుకు రెండు మార్కులు పెట్టండి. వచ్చే బ్యాచ్ నుంచే పిల్లలు ఆ రెండూ చేయడం మొదలుపెడతారు.