వాటికన్ పత్రాలకు ఇంత ఆలస్యంగానా తాళం తీయడం?

పోప్ 11వ పయస్, ఇటలీ ఫాసిస్టు నియంత ముస్సోలినీ ఇద్దరూ పీఠమెక్కింది 1922లోనే. ఒకరు గ్రంథాలయాల్లో జీవితం గడిపిన పండితుడు. ఇంకొకరు మతగురువులను నోటికొచ్చినట్టు తిట్టి పేరు తెచ్చుకున్న పత్రికా రచయిత. వీళ్లకు పొత్తు ఎలా కుదిరింది? అమెరికన్ చరిత్రకారుడు డేవిడ్ కెర్ట్జర్ క్యాథలిక్ చర్చి కేంద్రమైన వాటికన్ కాగితాలనూ, ఫాసిస్టు గూఢచారుల రిపోర్టులనూ పక్కపక్కన పెట్టి చదివి ఒక పుస్తకంలో దీనికి జవాబు చెప్పారు. ఆ పుస్తకానికి 2015లో పులిట్జర్ బహుమతి దక్కింది.

ఈ కథలో మమ్మల్ని ఎక్కువగా బాధించేది లుయీజీ స్టుర్జోకు జరిగిన అన్యాయం. ఆయనా క్యాథలిక్ ఫాదరే. 1919లో ఆయన పెట్టిన పాపులర్ పార్టీ ఆ ఏడాదే పార్లమెంటులో 100 సీట్లు గెలిచింది. రైతుల పక్షాన, ఎన్నికల దారిలో నడిచిన పార్టీ అది. ముస్సోలినీకి అడ్డుగా ఉన్నాడని వాటికనే ఒత్తిడి తెచ్చి 1923 జులైలో ఆయనతో నాయకత్వం వదిలించింది. మరుసటి ఏడాది దేశం విడిచిన ఆ మనిషి మళ్లీ ఇటలీలో అడుగుపెట్టింది 1946లో. సొంత బిడ్డనే కాదనుకున్న చర్చికి ప్రతిఫలం 1929లో అందింది: వాటికన్‌కు ప్రత్యేక రాజ్యం, కోట్ల లీరాల పరిహారం, క్యాథలిక్ మతానికి రాజమత హోదా.

1938లో ముస్సోలినీ ప్రభుత్వం యూదులకు వ్యతిరేకంగా జాతి చట్టాలు తెచ్చి, యూదు పిల్లలను బడుల నుంచి గెంటేసింది. ఆ జాతి చట్టాల్లో వాటికన్ గట్టిగా అభ్యంతరం చెప్పింది ఒక్క విషయానికే: క్యాథలిక్ మతంలోకి మారిన యూదుల పెళ్లిళ్లకు. చివరి రోజుల్లో 11వ పయస్ మనసు మారింది, నిజమే. జాతివివక్షను ఖండిస్తూ ఒక లేఖ కూడా రాయించారు. అది బయటికి రాకముందే 1939 ఫిబ్రవరిలో కన్నుమూశారు. తర్వాత వచ్చిన 12వ పయస్ దాన్ని వెలువరించలేదు.

ఆ 12వ పయస్ కాలం నాటి పత్రాలు దశాబ్దాలపాటు తాళం వెనకే ఉండిపోయాయి. చర్చికి చరిత్ర అంటే భయం లేదంటూ పోప్ ఫ్రాన్సిస్ 2020 మార్చి 2న వాటిని తెరిపించారు. ఆ నిర్ణయాన్ని మనస్ఫూర్తిగా అభినందిస్తున్నాం. ఆలస్యాన్ని మాత్రం క్షమించలేకపోతున్నాం. 1943 అక్టోబరు 16న, పోప్ నివాసానికి కూతవేటు దూరంలో, నాజీలు వెయ్యిమందికి పైగా రోమ్ యూదులను పట్టుకుని ఆష్విట్జ్ మరణ శిబిరానికి తరలించారు. తిరిగొచ్చింది 16 మంది. వాళ్లలో చివరివాడు 2018 అక్టోబరులో చనిపోయాడు.