ఉత్తరక్రియల నాటి సంతకం

తండ్రి ఉత్తరక్రియలకు వచ్చిన ఆడబిడ్డ తిరుగు ప్రయాణమయ్యే వేళ అన్నదమ్ములు ఒక కాగితం ముందు పెడతారు. పొలం పాస్‌పుస్తకంలో పేరు మారాలంటే నీ సంతకం కావాలంటమ్మా, అంటారు. ఏడ్చి ఏడ్చి ఉన్న మనిషి చదవకుండానే సంతకం చేసి బస్సెక్కుతుంది. నెల్లూరు, ప్రకాశం జిల్లాల పల్లెల్లో ఇది తెలియని ఇల్లు లేదు. ఆ పొలం రొయ్యల గుంటకు లీజుకు పోయాకో, అంకణాల (ఇళ్ల స్థలాల కొలత) లెక్కన ప్లాట్లు పడ్డాకో ఆమెకు సంగతి తెలుస్తుంది. అక్కడితో పుట్టింటి రాకపోకలు తెగుతాయి.

కృష్ణపట్నం రేవుతో ముత్తుకూరు వైపు, గ్రానైటుతో చీమకుర్తి వైపు, హైవే పొడవునా బీడు భూములకూ ధర వచ్చింది. పేచీలూ పెరిగాయి. చట్టం మాత్రం చాలాకాలంగా ఆడబిడ్డ పక్షానే ఉంది. ఉమ్మడి ఆస్తిలో కూతురికి కొడుకుతో సమాన హక్కును మన రాష్ట్రం 1985 సెప్టెంబరు 5 నుంచే ఇచ్చింది. అప్పటికే పెళ్లయిన వారికి వర్తించదన్న మెలికను హిందూ వారసత్వ చట్టానికి 2005లో కేంద్రం చేసిన సవరణ తీసేసింది. ఆ సవరణ వచ్చేనాటికి తండ్రి బతికి ఉండాలా అన్న సందేహాన్ని 2020 ఆగస్టు 11న సుప్రీంకోర్టు తీర్చింది: అక్కర్లేదు, ఆ హక్కు పుట్టుకతోనే వస్తుంది. 2004 డిసెంబరు 20కి ముందు రిజిస్టరైన పంపకాలను, అమ్మకాలను మాత్రం కదపకూడదు. ముస్లిం, క్రైస్తవ కుటుంబాలకు చట్టాలు వేరు. సంతకం కథ మాత్రం అక్కడా ఇదే.

'కట్నం ఇచ్చాం గదా' అంటారు. కట్నం ఇవ్వడం, పుచ్చుకోవడం 1961 నుంచి నేరం. నేరంగా ఇచ్చిన సొమ్మును వాటాలో చెల్లు వేసుకోవడం న్యాయం కాదని మేం గట్టిగా చెబుతున్నాం. పసుపు కుంకుమ కింద పొలం ఇచ్చామనేవారు కూడా నోటిమాటతో సరిపెట్టి ఉంటే అది ఆమె చేతికి చిక్కనట్టే. రిజిస్టరు కాగితం లేనిదే కోర్టులో నిలవడం కష్టం.

అన్నదమ్ముల మాటలోనూ కొంత నిజముంది. ఊళ్లోనే ఉండి ముసలివాళ్లను చూసుకుని, బోరు అప్పులు తీర్చిన కొడుకు కష్టం చిన్నదేమీ కాదు. అందుకు దారి వీలునామా. స్వార్జితాన్ని, అంటే తాను సంపాదించుకున్న ఆస్తిని, తండ్రి తన ఇష్టం వచ్చినవారికి రాయవచ్చు. ఇద్దరు సాక్షుల ఎదుట రాస్తే చాలు, రిజిస్ట్రేషను తప్పనిసరి కాదు. అయినా మన పెద్దలు రాయరు. వీలునామా మాటెత్తితే చావు కోరుతున్నారనుకుంటారు. ఈ మౌనమే తర్వాత పిల్లలను కోర్టు మెట్లెక్కిస్తోంది.

భాగపరిష్కారం (ఆస్తి పంపకం) దావాలో ముందు ఎవరి వాటా ఎంతో తేల్చే ప్రాథమిక డిక్రీ, తర్వాత కోర్టు పంపిన కమిషనర్ కొలతలు, తుది డిక్రీ, ఆపైన అమలు పిటిషను. ఈలోగా వేసినవాళ్లే పోతుంటారు. లోక్ అదాలత్‌లో రాజీ కుదిరితే అక్కడిచ్చే అవార్డే కోర్టు డిక్రీతో సమానం, దానిమీద అప్పీలు ఉండదు, కట్టిన కోర్టు ఫీజు వెనక్కి వస్తుంది. ఆదాయంతో పనిలేకుండా మహిళలకు న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా న్యాయవాదిని పెడుతుంది. పెద్దమనుషుల పంచాయితీలకు తిరిగి అలసిన ఆడబిడ్డలు ఈ గడప తొక్కాలి.

ఉత్తరక్రియల నాడు రిజిస్టరు కాని ఆ కాగితం మీద చేసిన సంతకం వల్ల హక్కు పోదని కూడా వారు తెలుసుకోవాలి. స్థిరాస్తిలో వాటా వదులుకోవాలంటే రిజిస్టరైన దస్తావేజు ఉండాలి. పాస్‌పుస్తకంలో పేరు ఎక్కినంత మాత్రాన యాజమాన్యం రాదని సుప్రీంకోర్టు ఎన్నోసార్లు చెప్పింది. అయితే తనను పక్కన పెట్టారని తెలిసి కూడా పన్నెండేళ్లు ఊరుకుంటే దావాకు గడువు దాటిపోతుంది.

రెవెన్యూ శాఖకు ఒక మాట. వారసత్వ మ్యుటేషన్ (భూమి రికార్డుల్లో పేరు మార్పు) దరఖాస్తులో కూతుళ్ల పేర్లు ఉన్నాయో లేదో చూడకుండా తహసీల్దారు సంతకం పెట్టకూడదు. నోటీసును ముత్తుకూరు సచివాలయం గోడకు అంటిస్తే పొదిలిలో కాపురమున్న బిడ్డకు ఏం తెలుస్తుంది? అది ఆమె అత్తగారింటి చిరునామాకు, ఆమె పేరుతో, ఆమె ఫోనుకు వెళ్లాలి.