చెంఘిజ్‌ఖాన్‌కూ పర్మిషనే

1962లో, సోవియట్ కనుసన్నల్లో కమ్యూనిస్టు పాలన సాగుతున్న మంగోలియా ఒక చిన్న ముచ్చట తీర్చుకోబోయింది. చెంఘిజ్‌ఖాన్ పుట్టి ఎనిమిది వందల ఏళ్లయిందని తపాలా బిళ్లలు వేసింది. ఆయన పుట్టాడని చెప్పుకునే ఖెంతీ ప్రాంతంలో ఓ స్మారకశిల నిలబెట్టింది. మాస్కోకు కోపమొచ్చింది. రష్యన్లకు ఆయన తమ ఊళ్లు తగలబెట్టిన దండుకు మూలపురుషుడు మరి! బిళ్లలు వెనక్కి తీసుకున్నారు. ఉత్సవాలకు పూనుకున్న పొలిట్‌బ్యూరో సభ్యుడు తోమోర్-ఒచిర్ పదవి ఊడింది. శిల మాత్రం మిగిలింది, బరువెక్కువని కాబోలు.

కమ్యూనిస్టు సిద్ధాంతం మంచిదా కాదా అన్న చర్చ తెలుగునాట ఎన్నటికీ తెగేది కాదు. మేం దాని జోలికి పోవడం లేదు. మా అభ్యంతరమల్లా పగ్గాలు పరాయి రాజధానిలో ఉండటం గురించే. మంగోలియా విస్తీర్ణంలో చిన్నదేం కాదు, మన దేశంలో సగానికి కాస్త తక్కువ. అప్పటికి జనమే పది లక్షలు. అటు రష్యా, ఇటు చైనా, అడకత్తెరలో పోకచెక్క. చైనా మింగేస్తుందన్న భయం ఉత్తుత్తిది కాదు. ఆ భయమే మాస్కోకు ఆయుధమైంది.

మందలను బలవంతంగా ఉమ్మడి చేయబోతే 1932లో జనం తిరగబడ్డారు. వెనక్కి తగ్గమని చివరికి మాస్కోయే చెప్పింది. తప్పు దిద్దుకోవాలన్నా ఉత్తర్వు అక్కణ్నుంచే రావాలి! లామాలను, అంటే బౌద్ధ సన్యాసులను, అణచడానికి వెనకాడిన ప్రధాని గెండెన్‌ను 1937లో, తరవాత ప్రధాని అయిన ఆమర్‌ను 1941లో సోవియట్ గడ్డమీదే చంపారు. చెప్పినట్టు విన్న మంగోలియా నేత చోయ్‌బల్సాన్ హయాంలో వేలమంది లామాలు హతమయ్యారు, వందల ఆరామాలు నేలమట్టమయ్యాయి. పోనీ, విధేయతకైనా గ్యారంటీ ఉందా? దశాబ్దాలపాటు మాస్కో మాట జవదాటని తర్వాతి నేత ట్సెడెన్‌బాల్‌కు 1984లో మాస్కోలో ఉండగానే ఉద్వాసన పలికారు.

బడులు, ఆస్పత్రులు, ఎర్దెనెట్ రాగి గని ఆ కాలంలోనే వచ్చాయి, కాదనం. కానీ సోదర సాయమన్నదాంట్లో పెద్దభాగం అప్పుల ఖాతాలోకే ఎక్కింది. సోవియట్ కూలాక రాజధాని ఉలాన్‌బటార్‌లో సరుకులకు రేషన్ పెట్టాల్సి వచ్చింది. 1,100 కోట్ల డాలర్లు దాటిన ఆ బాకీలో దాదాపు మొత్తాన్నీ 2003 చివర్లో గానీ రష్యా మాఫీ చేయలేదు.

1990 మార్చిలో రాజధానిలోని సుఖ్‌బాతర్ చౌరస్తాలో ప్రజాస్వామ్యం కోసం యువకులు గడ్డకట్టే చలిలో నిరాహార దీక్షకు కూర్చున్నారు. నాటి నేత బాట్‌మోంఖ్ బలప్రయోగానికి ఒప్పుకోలేదు, పొలిట్‌బ్యూరో మొత్తం రాజీనామా చేసింది. ఆ చౌరస్తాకు ఎదురుగా, ప్రభుత్వ భవనం ముంగిట, 2006 నుంచి చెంఘిజ్‌ఖాన్ విగ్రహం కూర్చుని ఉంది.