లైప్‌జిగ్ జనాన్ని మరిచిపోతే ఎలా?

తూర్పు, పశ్చిమ జర్మనీల ఏకీకరణ మీద మీరు వేసిన వ్యాసం చదివాను. ఘనతంతా పశ్చిమ జర్మనీ ఛాన్సలర్ కోల్, సోవియట్ నేత గోర్బచేవ్‌లదే అన్నట్టు ఉంది. వాళ్ల పాత్రను ఎవరూ కాదనరు. కానీ 1989 అక్టోబర్ 9 గురించి ఒక్క వాక్యమైనా రాయాల్సింది. ఆ సోమవారం సాయంత్రం తూర్పు జర్మనీ నగరం లైప్‌జిగ్‌లోని నికొలాయ్ చర్చిలో ప్రార్థన ముగిశాక సుమారు 70 వేల మంది కమ్యూనిస్టు ప్రభుత్వానికి వ్యతిరేకంగా రోడ్డెక్కారు. సాయుధ పోలీసులు సిద్ధంగా ఉన్నారు. నాలుగు నెలల కిందటే చైనాలో తియానన్మెన్ దగ్గర నిరసనకారుల మీద సైన్యం కాల్పులు జరిపిందని అందరికీ తెలుసు. ఎంత టెన్షన్ పడి ఉంటారో! అయినా కదిలారు, చేతిలో కొవ్వొత్తులతో. ఒక చేత్తో కొవ్వొత్తి పట్టుకుని, రెండో చెయ్యి గాలికి అడ్డం పెట్టినవాడు రాయి విసరలేడు కదా. ఆ రాత్రి తుపాకీ పేలలేదు. సరిగ్గా నెలకు బెర్లిన్ గోడ తెరుచుకుంది.

రెండు జర్మనీలు ఒక్కటైన 1990 అక్టోబర్ 3తో కథ సుఖాంతం అని రాశారు, అదీ ఒప్పుకోలేను. ఆ ఏడాది జులైలోనే తూర్పువాళ్ల జీతాలు ఒక తూర్పు మార్కుకు ఒక పశ్చిమ మార్కు లెక్కన పశ్చిమ జర్మనీ కరెన్సీలోకి మారాయి. అక్కడి ఫ్యాక్టరీలు ఆ భారం మోయలేకపోయాయి. తూర్పు జర్మనీ ప్రభుత్వ ఫ్యాక్టరీలను ప్రైవేటుపరం చేయడానికి పెట్టిన ట్రాయ్‌హాండ్ సంస్థ కొన్నిటిని అమ్మేసింది, చాలావాటిని మూసేసింది. లక్షల మంది ఉద్యోగాలు పోయాయి. గోడను కదిలించిన జనమే రోడ్డున పడ్డారు. దయచేసి దాని మీద ఇంకో వ్యాసం రాయండి.