కోనాం పులుసు, గౌరవం బాకీ

(వైజాగ్ ఎంవీపీ కాలనీలో ఓ అపార్ట్‌మెంట్, మూడో ఫ్లోర్. ఆదివారం పొద్దున్న తొమ్మిది దాటింది. ఆయన స్టీల్ ప్లాంట్ ఉద్యోగి, సెలవురోజు పదింటికి ముందు లేచిన దాఖలా లేదు, అలాంటిది ఇవాళ తెల్లారగట్లే ఫిషింగ్ హార్బర్‌కి వెళ్ళి కోనాం చేప కొని ముక్కలు కొట్టించుకుని మరీ తెచ్చారు. ఇది సంధి ప్రయత్నం అని ఆవిడకి తెలుసు. తెలిసినట్టు కనపడదల్చుకోలేదు.)

ఆయన: ఇదిగో, మొప్పలు ఎర్రగా ఉన్నాయో లేదో దగ్గరుండి చూసి తీసుకున్నా.

ఆవిడ: ముక్కలు కొట్టించేశాక మొప్పలెక్కడుంటాయి నేను చూడ్డానికి. అక్కడ పెట్టండి.

ఆయన: ఏటే ఆ మాట. నిన్న రాత్రి నుంచి చూస్తన్నా, అన్నిటికీ ముక్తసరే.

ఆవిడ: నాకేం తెలుసండీ మాట్లాడ్డానికి. నిన్న మీరే చెప్పారు కదా, మధురవాడలో మా తమ్ముడి గృహప్రవేశంలో, బంతిలో అంతమంది కూర్చుని భోంచేస్తుంటే, వాడు పాపం లోన్ గురించి నన్నేదో అడగబోతే, "మీ అక్కకి డబ్బు సంగతులేం తెలుసురా, దాన్నడుగుతావేటి" అని.

ఆయన: ఓస్, అదా! అది జోకే.

ఆవిడ: నవ్వింది మీరూ, సాంబారు వడ్డించే కుర్రాడూ.

ఆయన: ప్రేమ ఉండబట్టే కదా చనువుగా అన్నాను. పరాయివాళ్ళని అంటానా ఎప్పుడైనా?

ఆవిడ: నేనూ అదే అంటున్నా. పరాయివాళ్ళని అనరు. ప్లాంట్‌లో మీ కింద కుర్రాడు తప్పు చేస్తే పక్కకి పిలిచి చెప్తారట, పదిమందిలో అనరట, మీరే గొప్పగా చెప్పుకుంటారు. మీ వాకింగ్ ఫ్రెండ్ ఒకాయన మన వైజాగ్‌లో సముద్రం పడమర వైపుందన్నా "అలాగా సార్" అంటారు. వాచ్‌మేన్‌ని గారు అంటారు. నన్ను మాత్రం ప్రేమించేస్తారు.

(దీనికి జవాబు లేదు కాబట్టి ఆయన ఫోన్ తీశారు. జవాబు దొరకనప్పుడు మగవాళ్ళు ఫోన్ తీస్తారు, ఇది నా సొంత పరిశీలన, దీనికి ప్రొఫెసర్లు అక్కర్లేదు. కానీ ఇక్కడ ప్రొఫెసర్ కూడా వచ్చాడు.)

ఆయన: నువ్వు మాట్లాడట్లేదని రాత్రి నిద్రపట్టక ఇదంతా చదివాను. అమెరికాలో సియాటిల్ అనే ఊళ్ళో, వాషింగ్టన్ యూనివర్సిటీలో, జాన్ గాట్‌మన్ అని ఓ ప్రొఫెసరు, ఆయన 1986లో ల్యాబ్ పెట్టాడట, ల్యాబ్ అంటే టెస్ట్ ట్యూబులూ అవీ కాదు, అచ్చం అపార్ట్‌మెంట్ లాగే, దాంట్లో మొగుడూ పెళ్ళాల్ని ఉంచి, కెమెరాలు పెట్టి, గుండె ఎంత స్పీడుగా కొట్టుకుంటోందో కూడా కొలిచి, ఎవరు కలిసుంటారో ఎవరు విడిపోతారో లెక్కలు కట్టాడట.

ఆవిడ: అపార్ట్‌మెంట్‌లో మొగుడూ పెళ్ళాల్ని గమనించడానికి కెమెరాలెందుకండీ. మన ఎదురు ఫ్లాట్ పిన్నిగారికి చెప్తే ఫ్రీగా చేసిపెడతారు.

(ఎదురు ఫ్లాట్‌లో మిక్సీ ఠక్కున ఆగింది.)

ఆయన: మెల్లిగా! విను. దెబ్బలాడుకోవడం అంత ప్రమాదం కాదట, అందరూ దెబ్బలాడుకుంటారట. అసలు ప్రమాదం చులకనట. ఎదుటి మనిషి మనకన్నా తక్కువ అన్నట్టు మాట్లాడ్డం, వెక్కిరించడం, కళ్ళు తిప్పడం. విడాకుల దాకా పోయేవాళ్ళలో అన్నిటికన్నా పెద్ద గుర్తు అదేనట. అదిగో! ఇప్పుడు తిప్పావ్! కళ్ళు!

ఆవిడ: ఉల్లిపాయలు తరుగుతున్నానండీ బాబూ.

ఆయన: ఉల్లిపాయకి నీళ్ళొస్తాయి, గుడ్లు అలా పైకి పోవు.

ఆవిడ: సరే, తిప్పాను. ఎందుకు తిప్పానంటే, చులకన చెయ్యకూడదని అమెరికా ఆయన చెప్తే రాత్రంతా మేలుకుని చదివారు, పెళ్ళయిన దగ్గర్నుంచి ఇదే ముక్క నేను చెప్తే ఫ్యాన్ కింద గురక పెట్టారు. పెరటి చెట్టు మందుకి పనికిరాదు మరి.

ఆయన: నువ్వెప్పుడూ ఇంతే, ఏం చెప్పినా...

ఆవిడ: ఆగండాగండి. "నువ్వెప్పుడూ ఇంతే" అనడం గురించి ఏమన్నా రాశాడా ఆయన?

ఆయన: (స్క్రీన్ పైకి జరిపి, కిందకి జరిపి, మళ్ళీ పైకి జరిపి) ...రాశాడు.

ఆవిడ: చదవండి.

ఆయన: జరిగిన పని గురించి ఎంతైనా చెప్పొచ్చట, గ్యాస్ కట్టెయ్యడం మర్చిపోయావు అని. మనిషి మీదకి వెళ్ళకూడదట, నీకసలు బుద్ధిలేదు, నువ్వెప్పుడూ ఇంతే అని. ఇంకా ఏదన్నా అనగానే నా తప్పేం లేదని ఎదురు వాదించడం కూడా...

ఆవిడ: "అది జోకే" లాగా.

ఆయన: ...కూడా తప్పేనట. ఇంకోటి ఏటంటే గోడలా కూచోవడం. పలక్కుండా.

ఆవిడ: టీవీలో క్రికెట్ పెట్టుకుని.

ఆయన: క్రికెట్ అని రాయలేదు.

ఆవిడ: అది మగవాళ్ళలో ఎక్కువని రాశాడా?

ఆయన: నువ్వు చదివేశావా ఏటి ఇది?

ఆవిడ: చదవక్కర్లేదండీ, కాపురం చేస్తున్నాను.

ఆయన: ఎందుకు పలకరో కూడా రాశాడు మరి! గొడవలో గుండె నిమిషానికి 100 దాటి కొట్టుకుంటే ఇంక ఎదుటి వాళ్ళ మాట బుర్రకెక్కదట, అప్పుడు కనీసం 20 నిమిషాలు పక్కకి వెళ్ళి చల్లబడి, మళ్ళీ వచ్చి మాట్లాడాలట. నేను ఆర్కే బీచ్‌కి వెళ్ళేది అందుకే.

ఆవిడ: 20 నిమిషాలు! మీరు వెళ్తే ముంత మసాలా తిని, ఎవరో ఒకరు కనిపిస్తే రాజకీయాలు మాట్లాడి, దీపాలు పెట్టాక వస్తారు. వచ్చి మాట్లాడాలి అన్నాడుగా ఆయన, మీరు వచ్చి "అన్నం పెట్టు" అంటారు.

ఆయన: అదీ మాటే కదా.

ఆవిడ: బీచ్ అంటే గుర్తొచ్చింది. అక్కడ కురుసుర సబ్‌మెరైన్ ఉంది చూడండి, నేవీలో 31 ఏళ్ళు సర్వీసు చేసిందని ఒడ్డుకి లాక్కొచ్చి, 2002లో మ్యూజియం చేసి, లోపల చూపించడానికి మనుషుల్ని పెట్టి, జనం లైన్లో నిలబడి టికెట్ కొనుక్కుని మరీ చూస్తున్నారు. నాకు 27 ఏళ్ళ సర్వీసు. నాకు టికెట్లూ వద్దు, లైనూ వద్దు, నలుగురిలో తీసిపారెయ్యకపోతే చాలు.

ఆయన: అంటే నీమీద నాకు ప్రేమ లేదంటావ్.

ఆవిడ: లేదని ఎవరన్నారు? ఉంది. 2014లో హుద్‌హుద్ తుఫాను వచ్చినప్పుడు కరెంటు లేక, నీళ్ళు లేక ఊరంతా అల్లాడుతుంటే ఎక్కడెక్కడి నుంచో బిందెలు మోసుకుని మూడో ఫ్లోర్ ఎక్కారు, నాకు గుర్తే. నాకు జ్వరమొస్తే మీకు ముద్ద దిగదు. ప్రేమకి లోటు లేదండీ. కానీ ఆ బిందెలు మోసిన మనిషే బంతిలో కూర్చుని "దానికేం తెలుసు" అంటే, మరి ఆ నీళ్ళు ఎవరి కోసం మోసినట్టు? ఏమీ తెలియనిదాని కోసమా? పెళ్ళిలో ఏడో అడుగు దేనికి వేయించారో గుర్తుందా మీకు?

ఆయన: ఏడో అడుగుకి పంచె కాలికి తగులుకుంది. అదొక్కటే గుర్తుంది.

ఆవిడ: స్నేహానికండీ. స్నేహితుణ్ణి ఎవరన్నా అలా అంటారా పదిమందిలో?

(ఆయన కొంచెం సేపు ఏమీ అనలేదు. ఇది గోడలా కూచోవడమా, ఆలోచనా అని ఆవిడ ఓ కంట కనిపెడుతూనే చింతపండు రసం పిసికి, పులుసు పొయ్యి మీద పెట్టి, ముక్కలు వేసేసింది. ఆలోచనే. కానీ తప్పించుకునే ఆలోచన.)

ఆయన: మరి నువ్వో? నేను బాగుచేసిన ఫ్యాన్ ఉల్టా తిరిగితే వీడియో తీసి మీ అక్కచెల్లెళ్ళ వాట్సాప్ గ్రూపులో పెట్టావా లేదా? మా తోడల్లుడు ఫోన్ చేసి మరీ "అన్నయ్యా, గాలి కిందకొస్తోందా పైకెళ్తోందా" అని అడిగాడు.

ఆవిడ: అది జోకే.

ఆయన: హహ్!

ఆవిడ: ...

ఆయన: అనలేదా ఇప్పుడు? ఎదురు వాదన!

ఆవిడ: సరే, తీసేస్తాను.

ఆయన: తీసేస్తే ఏం లాభం, అందరూ చూసేశారు.

ఆవిడ: నిన్న బంతిలో అందరూ వినేశారు.

ఆయన: ఇంకో ముక్క ఉంది ఇందులో. గొడవ నడుస్తున్నప్పుడు కూడా ఒక చేదు మాటకి ఐదు మంచివి, మాటైనా సరే, నవ్వైనా సరే, కనీసం అవునని తల ఊపినా సరే, ఉంటే ఆ కాపురం గట్టిగా నిలబడుతుందట. ఐదుకి ఒకటి.

ఆవిడ: అయితే రాసుకోండి. పొద్దున్న "ఏటే ఆ మాట" ఒకటి. "నువ్వెప్పుడూ ఇంతే" రెండు. "గుడ్లు అలా పైకి పోవు" మూడు. పదిహేను బాకీ. నిన్నటిది వడ్డీతో వేరే ఖాతా.

ఆయన: నీ గుత్తొంకాయ కూర అద్భుతం.

ఆవిడ: ఇవాళ చేప.

ఆయన: ముందే కట్టేస్తున్నా. పెనాల్టీ వేస్తావా ఏటి?

ఆవిడ: ఫ్లోటింగ్ రేటు, అంటే వడ్డీ మారుతూ ఉండే హోమ్ లోన్ ముందే తీర్చేస్తే పెనాల్టీ లేదండీ, 2012లోనే రిజర్వ్ బ్యాంక్ తీసేయించింది. నిన్న తమ్ముడికి చెప్పబోయింది అదే, మీరు నోరు తెరవనిస్తేగా.

ఆయన: ఇది నీకెలా తెలుసు?

ఆవిడ: మన లోన్ గడువు కన్నా ముందే ఎలా తీరింది అనుకున్నారు? ఎక్కడ ఎంత మిగిల్తే అంతా తీసుకెళ్ళి కట్టొచ్చాను. మీరు సంతకాలు పెట్టారు.

(ఫోన్ మోగింది. మధురవాడ బావమరిది. ఆయన స్పీకర్ పెట్టి, గొంతు సవరించుకుని, కొంచెం ఎక్కువే సవరించుకుని...)

ఆయన: ఏరా! లోన్ సంగతేనా? నన్ను కాదురా, మీ అక్కగారిని అడుగు. ఆవిడకి బాగా తెలుసు.

తమ్ముడు: ...బావా, ఒంట్లో బాగానే ఉందా?

ఆవిడ: బాగానే ఉందిరా, ఫోన్‌లో ఏదో చదివారు. నువ్వు చెప్పు. చేతిలో డబ్బు మిగిలితే అసలుకి కట్టెయ్, కట్టాక ఈఎంఐ తగ్గించమనకు, నెలలు తగ్గించమను, వడ్డీ అక్కడే మిగుల్తుంది...

ఆయన: (వెనక నుంచి) అలా కాదు, అసలేటంటే...

(ఆవిడ చూసింది.)

ఆయన: కళ్ళు!

ఆవిడ: తిప్పలేదు, చూశాను. వెళ్ళి పులుసు చూడండి, గరిటె పెట్టకండి, ముక్క విరిగిపోద్ది, గుడ్డతో గిన్నె పట్టుకుని అటూ ఇటూ తిప్పండి చాలు.

తమ్ముడు: అక్కా, బావకి వంటేం తెలుసు, ఆయన్ని పంపిస్తావేటి...

ఆవిడ: ఒరేయ్. నువ్వు లోన్ సంగతి అడుగు.