చందమామను కదిలించరాదు

నవల సగమయ్యాక ఆకాశం బోసిగా అనిపించింది. మూడు రాజ్యాలు కట్టాను, మాట్లాడే నది పెట్టాను, రెక్కల గుర్రాలకు మేత కూడా ఏర్పాటు చేశాను. చంద్రుడు మాత్రం అదే పాత చంద్రుడు. ఊహాలోకమే కదా, ఎవడబ్బ సొమ్ము! ఆయన్ని తీసేసి, పదింతల వెడల్పుగా కనిపించే నీలిరంగు చంద్రుణ్ణి పెట్టాను. పేరు నీలాంగి. ఒక్క వాక్యం పని. టీకా తీసుకున్నంత సేపు కూడా పట్టలేదు.

వాపు మర్నాడు మొదలైంది. మా మేనకోడలు పదో తరగతి. నా రాతప్రతి మొదట చదివేది తనే. తప్పులు పట్టమని నేనే ఇస్తాను, పట్టినప్పుడు నేనే అలుగుతాను.

"మావయ్యా, నీలాంగి నిజంగానే పెద్దదా, లేక దగ్గరగా ఉందా?"

"ఏదైతేనేం? చూసేవాళ్లకి ఒకటేగా."

పెన్సిలు తీసింది. ఆ పెన్సిలు తీసిందంటే నా అధ్యాయాల్లో ఒకటి పోతుందని అర్థం.

"మన చంద్రుడు సుమారు 3,84,400 కిలోమీటర్ల దూరంలో ఉన్నాడు. అతన్నే పదింతలు చేసి చూపించాలంటే 38,440కి లాగాలి. ఖగోళశాస్త్రవేత్త కెప్లర్ 1618లోనే లెక్క కట్టి పెట్టాడు: దగ్గరికొస్తే చుట్టు త్వరగా తిరుగుతుంది. 27.3 రోజులు పట్టేది, ఇప్పుడు 21 గంటలు కూడా పట్టదు."

"మంచిదేగా."

"నెలకోసారి సైనికులకి జీతం ఇస్తానని మీ రాజు మూడో అధ్యాయంలో ఒట్టేశాడు."

ఖజానా కళ్లముందే ఖాళీ అయిపోయింది. రాజు సంగతి ఎలాగో చూసుకుందాంలే అనుకుంటుండగా అసలు దెబ్బ పడింది. నా లోకం తన చుట్టూ తాను తిరగడానికి మన భూమిలాగే 24 గంటలు తీసుకుంటుందట (మొదటి అధ్యాయంలో నేనే రాశాను, ఎందుకు రాశానో!). నీలాంగి అంతకంటే ముందే చుట్టు పూర్తిచేస్తుంది కాబట్టి నేలను దాటేసి పోతుందట. అంటే పడమట ఉదయిస్తుంది, తూర్పున అస్తమిస్తుంది.

"అలా ఎక్కడైనా ఉంటుందా?" అన్నాను, ఇక గెలిచానన్న ధీమాతో.

"అంగారకుడికి ఫోబోస్ అనే చందమామ ఉంది. 7 గంటల 39 నిమిషాలకో చుట్టు. పడమరే పొడుస్తుంది."

ఫోబోస్ నాకు ముందే తెలిసుంటే ఈ నవల మొదలుపెట్టేవాణ్ణి కాదు. ఇంకా ఉంది. ఒకసారి పొడిచిన నీలాంగి మూడు రోజులదాకా అస్తమించదట. "చంద్రాస్తమయంలోగా తిరిగొస్తా" అని నాయకుడు గుర్రం నోట నురగలు కక్కించి మరీ పరుగెత్తాడు. ఇప్పుడతను గుర్రాన్ని ఇంటి దగ్గరే కట్టేసి, ఓ నిద్ర తీసి, నడుచుకుంటూ వెళ్లినా సరిపోతుంది. అమావాస్య నుంచి పౌర్ణమికి పదిన్నర గంటలు దాటవు. విదియ చంద్రుణ్ణి చూస్తూ నాయిక మొదలుపెట్టిన ఉత్తరం, సంతకం చేసేసరికి నిండు వెన్నెల్లో ఉంటుంది.

సముద్రం గురించి నేను అడగలేదు. తనే చెప్పింది. దూరం పదోవంతైతే ఆటుపోట్లు తెచ్చే బలం వెయ్యి రెట్లు. నా రాజధాని రేవుపట్నం.

"సరే, దగ్గరికి లాగం. అక్కడే ఉంచి పెద్దది చేద్దాం," అన్నాను.

"అడ్డం 34,740 కిలోమీటర్లు అవుతుంది. భూమి అడ్డమే 12,742. అదే రాయితో చేస్తే పన్నెండు భూములంత బరువు. అప్పుడు మీ మూడు రాజ్యాలూ దాని చుట్టూ తిరగాలి. చందమామ నీలాంగి కాదు మావయ్యా, మీరే. ఆటుపోట్లు మాత్రం అదే వెయ్యి రెట్లు."

ఇంత అన్యాయం ఉండదని, ఎక్కడో పొరపాటుందని తేల్చడానికి ఆ రాత్రి స్వయంగా ప్రయోగానికి దిగాను. టేబుల్ ల్యాంపు సూర్యుడు. నా తల భూగోళం. చేతిలో టెన్నిస్ బంతి నీలాంగి. గిర్రున తిరిగే కుర్చీలో కూర్చుని, కుర్చీ కంటే చెయ్యి వేగంగా తిప్పాలి. మొదటి చుట్టు బాగానే సాగింది. రెండో చుట్టులో బంతి నిజంగానే పడమట ఉదయించింది. ఆ ఆనందంలో మూడో చుట్టు కాస్త జోరుగా తిరిగాను. ల్యాంపు తీగ కుర్చీ కాలికి చుట్టుకుంది. సూర్యుడు నా ఒళ్లోకి దూకి ఆరిపోయాడు. నేను కుర్చీతో సహా వెల్లకిలా పడ్డాను.

తలుపు తెరుచుకుంది. సెల్‌ఫోను వెలుగు నా మొహం మీద పడింది.

"ఏం చేస్తున్నారండీ?"

"పౌర్ణమి," అన్నాను. అప్పటికి అదే నోటికొచ్చింది.

మా ఆవిడ ఇంకేమీ అడగలేదు. బంతి మంచం కింద అస్తమించింది.

మర్నాడు నడుం పట్టుకుని కూర్చుంటే మేనకోడలికే జాలేసింది. "నీలాంగి లోపల బోలు అనుకో మావయ్యా. దూరంగా, పెద్దగా, తేలిగ్గా. మన చంద్రుడంతే బరువు. ఆటుపోట్లు మామూలే. తూర్పునే పొడుస్తుంది. నెల నెలలాగే ఉంటుంది."

లేచి దండం పెట్టబోయాను, నడుం ఒప్పుకోలేదు. మూడు రాజ్యాలూ ఒడ్డున పడ్డాయి. ఒక్క మాంత్రికుడి పని మాత్రం చెడింది. వందేళ్లకోసారి వచ్చే సూర్యగ్రహణం కోసం పాపం తపస్సులో ఉన్నాడు. అంత పెద్ద చంద్రుడు అడ్డొస్తుంటే దాదాపు సగం అమావాస్యలకి ఎక్కడో ఒకచోట గ్రహణమేనట. ఏడాదికి ఆరేడుసార్లు లోకాన్ని నాశనం చేసే ఓపిక ఏ మాంత్రికుడికి ఉంటుంది? ఆయన్ని కథలోంచి తీసేశాను.

నిన్న ముఖచిత్రం వచ్చింది. అద్భుతంగా గీశారు. నీలి నెలవంక, దాని రెండు కొమ్ముల మధ్య మిలమిలలాడుతూ ఒక నక్షత్రం. నేను మురిసిపోతుంటే పక్కన పెన్సిలు చప్పుడైంది.

"నెలవంక అంటే మిగతా చంద్రుడు చీకట్లో అక్కడే ఉంటాడుగా. మరి దాని మధ్యలో నక్షత్రం ఎలా కనబడుతోంది?"

ఈసారి నేను తడుముకోలేదు. "బోలు అన్నావుగా. చిల్లులోంచి అవతలి నక్షత్రం కనబడుతోంది."

కాసేపు ఆలోచించింది.

"అయితే చిల్లు రెండువైపులా ఉండాలి మావయ్యా. ఎవరు పొడిచారు?"